కర్నూలు సి.క్యాంపు వైపు పెద్దమ్మ ఇల్లు: ఎనిమిది మంది ఆడవాళ్లు, ఒక్క వంటగది

కర్నూల్లో ఉద్యోగమో కోచింగో వచ్చి ఉండేదానికి చోటు వెతుక్కుంటున్న ఆడవాళ్ల కోసం రాస్తున్నా ఇది. హాస్టల్ తిండి పడదు, సొంతంగా పోర్షన్ తీసుకునేంత జీతం లేదు, పైగా ఒంటరిగా ఉండబుద్ధి కాదు అనుకునేవాళ్లు మొత్తం చదవండి. సి.క్యాంపు రైతు బజారు నుంచి నడిచి పోయేంత దూరంలో ఒక పాత మిద్దె ఇల్లు ఉంది, బోర్డు లేదు, పేరు లేదు, అందరూ పెద్దమ్మ ఇల్లు అనే అంటారు. ఇది హాస్టల్ కాదని ముందే చెప్తున్నా. మనకి వండిపెట్టే మనిషి ఉండదు, గది ఊడ్చే మనిషి ఉండదు, వార్డెన్ ఉండదు, ఉండేవాళ్లమే అన్నీ చేసుకుంటాం, ఖర్చు కూడా మేమే పంచుకుంటాం. నేను ఎండాకాలం, వానాకాలం, పండగలు, జ్వరాలు, గొడవలు అన్నీ ఈ ఇంట్లోనే చూసినా కాబట్టి ఉన్నదున్నట్టు రాస్తా. నా రేటింగ్ అయిదుకి నాలుగు, ఆ ఒక్కటి ఎందుకు తగ్గించినానో కింద వస్తాది.

ముందు ఇల్లు ఎట్లా ఉంటాదో చెప్తా. కర్నూలు ఆంధ్ర రాష్ట్రానికి రాజధానిగా ఉన్న 1953 నుంచి 1956 దాకా ఉద్యోగుల కోసమని ఏ క్యాంపు, బి క్యాంపు, సి క్యాంపు వచ్చినాయి కదా, వాటి చుట్టూ తర్వాత్తర్వాత లేచిన సొంత ఇళ్లలో ఇదొకటి. అందుకే గదులు పెద్దవి, కప్పు ఎత్తు, కింద అంతా బేతంచెర్ల బండలు. మే నెలలో బయట 43, 44 డిగ్రీలు కాస్తుంటే ఆ బండల మీద చాప కూడా లేకుండా పడుకుంటే వచ్చే సుఖం కొత్త అపార్ట్‌మెంట్ల టైల్స్ మీద రాదు. నాలుగు గదులు, గదికి ఇద్దరు, మధ్యలో హాలు, వెనక వంటగది, పెరట్లో వేపచెట్టు, రెండు బాత్రూములు. ఇవి కాక ముందు గదిలో పెద్దమ్మ ఉంటాది, ఇల్లు ఆమెదే, ఆమె పిల్లలు హైదరాబాదులో. మంచానికి నెలకి 2,800, రెండు నెలల అడ్వాన్సు, తిండి ఖర్చు, కరెంటు వేరే. కర్నూల్లో మామూలు లేడీస్ హాస్టల్‌తో పోలిస్తే మొత్తం కలిపి కొంచెం తక్కువే పడతాది గానీ తక్కువ అని చెప్పి మాత్రం రావద్దండీ, మన ఒళ్లు వంచే పని కూడా లెక్కేసుకుంటే పెద్ద తేడా ఏమీ లేదు.

ఇంకో మాట ముందే చెప్పాలి. కర్నూల్లో ఇల్లు వెతికిన ఆడపిల్ల ఎవరైనా చెప్తాది, గేటు దగ్గర మొదటి ప్రశ్న మీరేమిట్లు అని, రెండోది మాంసం తింటారా అని, మూడోది పెళ్లయిందా అని. నాకైతే ఒక వీధిలో గది నచ్చి అడ్వాన్సు డబ్బులు చేతిలో పెట్టుకుని నిలబడినాక మా ఇంటిపేరు విని గది లేదన్నారు. ఈ ఇంట్లో పెద్దమ్మ అడిగేవి వేరే. వంట వచ్చా, రాకపోతే నేర్చుకుంటావా, డ్యూటీ టైమింగ్ ఏంది, రాత్రి గురక పెడతావా, ఇంతే. ఒకే పొయ్యి మీద అందరం వండుకుంటాం, ఒకే గిన్నెలో నుంచి వడ్డించుకుంటాం, అది కుదరదు అనేవాళ్లు ఇప్పుడే చెప్పేయండి అంటాది, అడ్వాన్సు తీసుకోకముందే అంటాది. ఈ ఒక్క పద్ధతికే నేను మూడు స్టార్లు ఇస్తా.

ఇక అసలు విషయం, వంటగది, లెక్కల పుస్తకం. ఎనిమిది మంది కలిసి ఉండే ఇల్లు ఎక్కడ విరుగుతాదంటే డబ్బు దగ్గరే విరుగుతాది, అదీ పెద్ద డబ్బు దగ్గర కాదు, పాల ప్యాకెట్ దగ్గర, కొత్తిమీర కట్ట దగ్గర. నేను రోజూ తేస్తున్నా ఆమె తేవడం లేదు అనే మాట లోపల పెట్టుకుని పెట్టుకుని ఒకరోజు గిన్నెలు గట్టిగా పెట్టడంతో మొదలైతాది. నేను చేసే పనే అకౌంట్స్ కాబట్టి ఇక్కడి పద్ధతి నాకు బాగా నచ్చింది, వివరంగా చెప్తా, వేరే చోట గది పంచుకుని ఉండేవాళ్లకి కూడా పనికొస్తాది.

వంటగది తలుపు వెనక ఒక పెద్ద నోటుబుక్కు దారంతో కట్టి ఉంటాది. ఒక పక్క ఎవరు ఏం తెచ్చినారు ఎంత పెట్టినారు అనేది, ఇంకో పక్క పేర్లు, తేదీలు, టిక్కులు. మధ్యాహ్నం అన్నం తిన్నా, బాక్సు కట్టుకుని పోయినా ఒక టిక్కు, రాత్రి భోజనం ఒక టిక్కు, పొద్దున టిఫిన్‌కి అర టిక్కు. ఎవరింటి నుంచైనా చెల్లెలో అమ్మో వచ్చి తింటే వాళ్ల టిక్కు పిలిచినవాళ్ల పేరు మీద పడతాది. నెల చివర బియ్యం, పప్పు, నూనె, కూరగాయలు, పాలు, గ్యాసు అన్నీ కూడి మొత్తం టిక్కులతో భాగిస్తాం. ఉదాహరణకి నెల ఖర్చు 13,200 అయ్యి, టిక్కులు 440 వచ్చినాయనుకోండి, టిక్కు 30 రూపాయలు. 62 సార్లు తిన్నామె 1,860 కట్టాల, నైట్ డ్యూటీలు పడి 40 సార్లే తిన్నామె 1,200 కట్టాల. ముందే సామాన్లకి డబ్బులు పెట్టినవాళ్లకి అది తీసేసి మిగిలింది ఫోన్‌పే చేస్తారు. సమానంగా పంచితే ఊర్లకి పోయేవాళ్లు, షిఫ్టులు చేసేవాళ్లు ఎప్పుడూ నష్టపోతారు, ఈ పద్ధతిలో ఆ బాధ లేదు. ఇంకోటి, పెద్దమ్మ రాత్రిపూట మాతోనే తింటాది, ఇల్లు ఆమెదే అయినా ఆమె పేరు కూడా పుస్తకంలో ఉంది, ఆమె టిక్కు ఆమెకి పడతాది, నెలాఖరున ఆమె కూడా కడతాది. ఎవరూ ఆమెని అడగలేదు, ఆమే మొదటి రోజు నుంచి అట్లా పెట్టింది.

బియ్యం కర్నూలు సోనానే, 26 కేజీల మూట. జీఎస్టీ 25 కేజీల దాకా ప్యాక్ చేసిన బియ్యం మీద 2022లో పెట్టినాక కొట్లలో ఈ 26 కేజీల మూటలే ఎక్కువైనాయి కదా. తొమ్మిది మందికి మూట రెండు వారాలు కూడా సరిగ్గా రాదు, అందుకే రాత్రి వారానికి మూడు రోజులు జొన్నరొట్టె. గ్యాసు 14.2 కిలోల సిలిండర్ రెండు ఉంటాయి, ఒకటి అయిపోయిన రోజే బుక్ చేయాల, అది ఆ రోజు వంట ఎవరిదైతే వాళ్ల పని.

ఈ పుస్తకం విలువ నాకు బాగా తెలిసింది పత్తికొండ పాప విషయంలో. మేం ఎవరినీ పేర్లతో పిలవడం తక్కువ, ఊరి పేరుతోనే పిలుస్తాం, నంద్యాల అక్క, ఆదోని పాప, బనగానపల్లె అక్క, ఇట్లా. పత్తికొండ పాప ఒక షాపులో పని చేసుకుంటూ గ్రూప్-2కి చదువుతుండేది, ఆ షాపు మూసేసినారు, ఇంట్లో టమాటా పంటకి రేటు లేక ఆ సంవత్సరం వాళ్ల నాయన డబ్బులు పంపే పరిస్థితి లేదు. పాప రాత్రి భోజనానికి రావడం మానేసింది, ఆకలి లేదు అంటుంది, బిస్కెట్ తిన్నా అంటుంది. నంద్యాల అక్క పెద్దాసుపత్రిలో నర్సు, ఆమెకి మొహం చూస్తేనే తెలిసిపోతాది. ఆదివారం రాత్రి అందరం కూర్చున్నప్పుడు అక్క నేరుగా అడిగింది, పాప ఏడ్చింది. అప్పుడు ఎమ్మిగనూరు అక్క, ఆమె మాలో పెద్దది, యాభైకి దగ్గర ఉంటాది, ఏమందంటే నీకు ఎవరూ ధర్మానికి పెట్టడం లేదు, నీ టిక్కులు నీ పేరు మీదే వేస్తాం, నెలాఖరు లెక్కలో బాకీ అని రాస్తాం, ఉద్యోగం వచ్చినాక కట్టు, గమ్మున వచ్చి తిను. పెద్దమ్మ అద్దె కూడా అట్లాగే రాసుకుంది. పాప ఆ తర్వాత ఒక ప్రైవేట్ స్కూల్లో చేరింది, నెలకింత అని కట్టి బాకీ అంతా తీర్చేసింది, ఆఖరి వాయిదా రోజు ఆ పేజీ మీద అడ్డంగా గీత కొట్టింది ఎమ్మిగనూరు అక్కే. ఉత్తగా పెట్టి ఉంటే ఆ పాప ఇంట్లో అందరి ముందు తల దించుకుని తిరిగేది, ఎవరైనా ఒక మాట అంటే ఎదురు చెప్పలేకపోయేది. లెక్క రాయబట్టి మాతో సమానంగా కొట్లాడింది, బాత్రూం దగ్గర కూడా.

వంట జతలుగా చేస్తాం. నాలుగు జతలు, ఒక్కో జతకి ఒక రోజు, రాత్రి భోజనం, మర్నాడు టిఫిను, బాక్సులు. పెద్దమ్మ వంట చేయదు, కూరగాయలు తరిగి ఇస్తాది, పొద్దున్నే రైతు బజారుకి పోయి లేతవి చూసి తెచ్చేది కూడా ఆమే. జతలు మూడు నెలలకోసారి మారిపోవాల, ఇది రూలు. మొదట్లో ఎందుకిది, కుదిరినోళ్లతో కుదిరినట్టు ఉండొచ్చు కదా అనిపిస్తాది, కానీ ఇద్దరిద్దరు గుంపులు కట్టకుండా ఉండేది దీనివల్లే. బనగానపల్లె అక్క బ్యాంకులో చేస్తాది, మాట కొంచెం కటువు, ఆమెతో జత పడేదాకా నేను ఆమెతో పది మాటలు కూడా మాట్లాడి ఉండను. పొద్దున అయిదున్నరకి ఇద్దరం నిద్రమొహాలతో బొరుగులు నీళ్లలో వేసి పిండుతూ ఉగ్గానికి పోపు పెడుతున్నప్పుడు ఆమె చెప్పే మాటలు వేరే. వాళ్ల అమ్మకి ఆరోగ్యం ఎట్లా ఉందో, జీతంలో ఎంత ఇంటికి పోతాదో, పెళ్లి మాట ఎందుకు ఎత్తనీయదో, అన్నీ ఆ పొయ్యి దగ్గరే తెలిసినాయి.

తిండి ఎట్లుంటాదో అడుగుతారు కాబట్టి చెప్తున్నా. ఆదివారం ఉగ్గాని, మిరపకాయ బజ్జీ తప్పదు. ఎమ్మిగనూరు అక్క చేతి జొన్నరొట్టె పలచగా, మెత్తగా, మధ్యాహ్నం దాకా గట్టిపడకుండా ఉంటాది, పిండి వేడినీళ్లతో కలిపి బాగా మర్దించాలంటాది, మాకందరికీ ఆమే నేర్పింది. గోంగూర, మటిక్కాయల (గోరుచిక్కుడు) కూర, పప్పుచారు, చెనిక్కాయల పొడి, ఇవి ఎక్కువ. బుధవారం గుడ్లు, ఆదివారం మధ్యాహ్నం చికెన్. తినని వాళ్లు ఇద్దరున్నారు, వాళ్లకి ఆ రోజుల్లో వేరే గిన్నె, వేరే గరిటె, కానీ పొయ్యి ఒకటే, వాళ్లు అది తెలిసే వచ్చినారు. చికెన్ ఖర్చు మాత్రం తిన్నవాళ్ల మీదే పడతాది, టిక్కుల్లో కలపం. రుచి విషయంలో నిజం చెప్పాలంటే వారంలో రెండు రోజులు చాలా బాగుంటాది, నాలుగు రోజులు పర్వాలేదు, ఒకరోజు మాత్రం మింగడం కష్టం, కొత్తగా వచ్చినవాళ్లు వంట నేర్చుకుంటున్నప్పుడు ఇది తప్పదు. వండినవాళ్ల మొహం మీద బాగాలేదు అనకూడదని కూడా రూలు ఉంది, అంటే నీ వంతు రోజు నువ్వు బాగా చేసి చూపించు.

రంజాన్ నెల గురించి ప్రత్యేకంగా చెప్పాలి. ఆదోని పాప ల్యాబులో పని చేస్తాది, ఉపవాసాలు మొత్తం ఉంటాది. 2025లో రంజాన్ మార్చిలో వచ్చింది, ఎండలు అప్పుడే మొదలైనాయి. సహరీకి, అంటే ఉపవాసం మొదలయ్యే ముందు తినేదానికి, తెల్లారుజామున నాలుగింటికి లేవాలి, ఆమె చప్పుడు కాకుండా బ్రెడ్డు తిని పడుకునేది మొదటి రోజుల్లో. పెద్దమ్మకి ఎట్లాగూ ఆ టైముకి మెలకువ వస్తాది, ఆమె లేచి అన్నం వేడి చేసి పెరుగు వేసి పక్కన కూర్చునేది. ఆ నెల రాత్రి వంట టైము మేం ముందుకు జరిపినాం, ఇఫ్తారు, అంటే ఉపవాసం విడిచే టైముకి వంట అయిపోయి ఉండేటట్టు. ఆ సంవత్సరం ఉగాది మార్చి 30 ఆదివారం, రంజాన్ పండగ మర్నాడు సోమవారం, ఒకదాని వెనక ఒకటి. ఆదోని పాపకి ఆదివారం డ్యూటీ ఉండి ఆగింది, ఆ సాయంత్రం ఖర్జూరం తిన్నాక మా ఓళిగలు, మామిడికాయ చిత్రాన్నం తిని రాత్రి బస్సుకి ఊరికి పోయింది, తిరిగొచ్చేటప్పుడు వాళ్లమ్మ ఇంటికి సరిపడా షీర్ ఖుర్మా పంపింది. మా ఇళ్లలో పండగలు చేసుకుంటాం, అది మామూలే, కానీ పక్క మంచం మనిషి పండగ కోసం వంట టైము మార్చుకోవడం నాకు ఈ ఇంట్లోనే మొదటిసారి.

ఆదివారం రాత్రి కూర్చోవడం అన్నా కదా. భోజనాలు అయినాక పెద్దమ్మ గదిలో టీవీ ఆపేసి హాల్లో అందరం కూర్చుంటాం, వారంలో ఎవరికి ఎవరి మీద ఏం కోపం వచ్చిందో అక్కడే చెప్పాల. వెనక చెప్పుకోకూడదు, వాట్సాప్ గ్రూపులో అసలు రాయకూడదు. గ్రూపు నీళ్లొచ్చినాయి, గ్యాసు బుక్ చేసినా, గేటు తీయండి, ఇంతవరకే. మొహం చూసి అనలేని మాట ఫోనులో రాస్తే ఎదుటామె దాన్ని పదిసార్లు చదువుకుంటాది, పదిసార్లు కోపం పెరుగుతాది అని టీచరక్క చెప్తాది, వెల్దుర్తి వైపు స్కూల్లో చేస్తాది ఆమె, మా ఇంట్లో తగువు తీర్చేది ఎక్కువ ఆమే. అన్ని తగువులూ తీరిపోవు. ఇద్దరు ఈ ఇంట్లో మాట్లాడుకోకుండానే చాలా నెలలు ఉన్నారు, ఒకామె ఆఖరికి వేరే గది చూసుకుని పోయింది. కానీ ఆ ఇద్దరూ వాళ్ల వంట రోజు ఎదుటామె బాక్సు కట్టడం మాత్రం ఒక్కరోజు కూడా ఆపలేదు.

కరెంటు బిల్లు గొడవ మాత్రం పెద్దది, దీని గురించి ముందే తెలుసుకుని రండి. ఇంటికంతా ఒకటే మీటరు. మన దగ్గర ఇళ్లకి స్లాబులు 2022 ఏప్రిల్ నుంచి ఎట్లా ఉన్నాయంటే మొదటి 30 యూనిట్లు 1.90, తర్వాత 75 దాకా 3 రూపాయలు, 125 దాకా 4.50, 225 దాకా 6, 400 దాకా 8.75, ఆ పైన ప్రతి యూనిటు 9.75. చిన్న కుటుంబం వందా నూటయాభైలో ఉంటాది, ఎనిమిది మంది పెద్దవాళ్లు ఒకే మీటరు మీద ఉంటే ఎండాకాలంలో 400 దాటిపోతాది. 450 యూనిట్లు వస్తే ఒట్టి యూనిట్ల లెక్కే మూడు వేల ముప్పై పైన, ఫిక్స్‌డ్ చార్జీలు, సర్దుబాటు చార్జీలు దాని మీద. అందులో మొదటి 125 యూనిట్లకి 417 రూపాయలే పడితే చివరి 50 యూనిట్లకి 487 పడతాది. మరి ఆ చివరి 50 ఎవరివి? ఒక గదిలో వాళ్లు పెద్ద కూలర్ పెట్టుకున్నారు, మిగతా మూడు గదుల్లో ఫ్యాన్లే. మేం కూలర్ వాడలేదు, మా యూనిట్లకి ఎందుకు ఎక్కువ రేటు అని వీళ్లు, అందరం కలిస్తేనే కదా 400 దాటింది, మా ఒక్కరి మీదే ఎందుకు వేస్తారు అని వాళ్లు. రెండు పక్కలా న్యాయం ఉంది. చివరికి తేలింది ఏందంటే గది గదికి చిన్న సబ్‌మీటరు పెట్టించినాం, ఫ్రిజ్జు, మోటారు, హాలు లైట్లు ఇవన్నీ ఉమ్మడి, సమానంగా పంచేస్తాం, గదుల యూనిట్లు మాత్రం బిల్లు సగటు రేటుతో ఎవరివి వాళ్లకి, ఒక గది మిగతా గదుల సగటు కంటే ఎంత ఎక్కువ కాల్చిందో ఆ యూనిట్లకి మాత్రం పై స్లాబు రేటు. కొంచెం తికమక లెక్కే, నేనే కూర్చుని వేస్తా ప్రతి నెలా, అయినా ఎవరూ నోరెత్తడం లేదు ఇప్పుడు. గీజరు లేదు, వేడినీళ్లు కావాలంటే చలికాలంలో పెరట్లో కట్టెల పొయ్యి మీద పెద్ద అండా.

ఆ అండా, వంటగదిలో ఉన్న పెద్ద పెద్ద డేక్సాలు ఎక్కడివి అని ఒకసారి అడిగితే పెద్దమ్మ చెప్పింది. 2009 అక్టోబరులో తుంగభద్ర, హంద్రీ పొంగి పాత కర్నూలు మునిగినప్పుడు ఈ వీధికి నీళ్లు రాలేదంట. వాళ్ల చుట్టాలు, చుట్టాల ఇంటి పక్కోళ్లు, తెలిసినోళ్లు అందరూ ఒంటిమీద బట్టలతో ఇక్కడికే వచ్చినారంట, ఇళ్లలో బురద తీసి కడుక్కునేదాకా నెలకు పైగా ఉన్నారంట. అప్పుడు ఆమె భర్త కూడా ఉన్నారు. అంతమందికి వండేదానికి కొన్న డేక్సాలు అవి. ఎవరు ఏ పని చేయాలో గోడ మీద బొగ్గుతో రాసి పెట్టినారంట అప్పట్లో, ఆడవాళ్లే కాదు మగవాళ్లకి కూడా వంతులు. భర్త పోయినాక, పిల్లలు హైదరాబాదుకి రమ్మంటే, అంత ఇల్లు తాళం వేసి పోయేదానికి మనసు రాక ఇద్దరు టీచర్లకి గది ఇచ్చింది మొదట, తర్వాత ఒక్కొక్కరే వచ్చినారు.

ఇప్పుడు తగ్గించిన స్టారు గురించి. బాత్రూములు రెండే. పొద్దున ఆరున్నర నుంచి ఎనిమిది దాకా ఆ రెండింటి ముందు నిలబడే బాధ ఎంత చెప్పినా తక్కువే. ఒక చార్ట్ ఉంది, ఒక్కొక్కరికి పది నిమిషాలు, కడుపు బాగాలేని రోజు చార్ట్ పనిచేయదు. నెలసరి రోజుల్లో ఇంకా కష్టం. మూడోది కట్టించమని అడుగుతూనే ఉన్నాం, పెద్దమ్మ చేద్దాం చేద్దాం అంటాది, ఆమె దగ్గర కూడా అంత డబ్బు లేదని తెలుసు కానీ ఉండేవాళ్లకి ఇది నిజమైన ఇబ్బంది, దాచిపెట్టను. నీళ్లు కూడా. కొళాయి నీళ్లు సుంకేసుల వైపు నుంచి వచ్చే తుంగభద్ర నీళ్లే, మామూలు రోజుల్లో సంపు నిండిపోతాది, ఏప్రిల్, మే వస్తే రోజు మార్చి రోజు, అదీ ఎప్పుడొస్తాయో తెలీదు, వచ్చినప్పుడు ఇంట్లో ఎవరుంటే వాళ్లు మోటారు వేసి బిందెలు, డ్రమ్ములు నింపాల్సిందే. ఆ నెలల్లో బట్టలు వారానికి రెండుసార్లే.

ఒంటరిగా ఉండే వీలు అసలు దొరకదు, ఇది కూడా తక్కువ సంగతి కాదు. ఫోనులో ఇంటివాళ్లతో గొడవ పడినా, ఎవరితోనైనా ప్రేమగా మాట్లాడినా మిద్దె మీదికి పోవాల, అక్కడ ఇంకొకరు అప్పటికే ఫోనులో ఉంటారు. నీ మొహం వాడితే ముగ్గురు అడుగుతారు ఏమైందని. కొన్ని రోజులు ఆ అడగడమే ప్రాణం నిలబెడతాది, కొన్ని రోజులు తలుపేసుకుని అరవాలనిపిస్తాది. దీనికి మేం పెట్టుకున్న ఉపాయం ఒకటుంది, మంచానికి చున్నీ అడ్డం కట్టుకున్నామంటే ఇల్లు కాలిపోతుంటే తప్ప పలకరించకూడదు. నంద్యాల అక్క నైట్ డ్యూటీ చేసి పొద్దున తొమ్మిదికి వచ్చి పడుకుంటాది, ఆమె పడుకున్నంతసేపు మిక్సీ వేయకూడదు, చట్నీలు ఏడింటిలోపే అయిపోవాల. చదువుకునేవాళ్లకి రాత్రి పదిన్నర తర్వాత హాల్లో ఒక లైటు ఉంటాది, కానీ నిశ్శబ్దం గ్యారంటీ లేదు, సీరియస్‌గా సివిల్స్‌కో గ్రూప్-1కో చదివేవాళ్లు వేరే చోటు చూసుకోండి, నేను నిజంగా మీ మంచికే చెప్తున్నా.

ఎండాకాలం రాత్రులు మాత్రం ఈ ఇంటికి సాటి లేదు. సాయంత్రం ఆరింటికి మిద్దె మీద నీళ్లు చల్లుతాం, తొమ్మిదింటికి చాపలు, బొంతలు, దోమతెరలు తీసుకుని వరసగా పడుకుంటాం, పెద్దమ్మకి మోకాళ్ల నొప్పులు, అయినా ఒక్కో మెట్టు పట్టుకుని వస్తాది. ఎవరి ఊరి కబుర్లు వాళ్లవి. ఆ టైములోనే ఎమ్మిగనూరు అక్క తన విడాకుల సంగతి చెప్పింది, చీకట్లో పడుకుని ఆకాశం చూస్తూ చెప్పింది, ఎవరూ సలహా ఇవ్వలేదు. ఆమె ముప్పై ఏళ్లు వేరేవాళ్ల ఇళ్లలో, అన్నదమ్ముల ఇళ్లలో ఉన్నానని, ప్రతి చోటా తినే ప్రతి ముద్దకీ మొహాలు చూడాల్సొచ్చేదని, ఇక్కడ నా డబ్బు నేను కడుతున్నా, నా వంతు నేను చేస్తున్నా, ఎవరి మొహం చూడక్కర్లేదు అని చెప్పింది. ఆమె ఈ ఇల్లు వదిలి ఎక్కడికీ పోదు అని అందరికీ తెలుసు.

జ్వరాలు వచ్చినప్పుడు కూడా. నాకు వానాకాలంలో టైఫాయిడ్ వచ్చి పడుకున్నప్పుడు మందుల టైములు నంద్యాల అక్క గోడ మీద రాసి అంటించింది, ఆమె డ్యూటీలో ఉంటే పక్క మంచం పాప అలారం పెట్టుకుని లేపి ఇచ్చింది, గంజి, మెత్తటి అన్నం ఏ జత వంట అయితే ఆ జత విడిగా చేసినారు. మా అమ్మ కడప నుంచి వచ్చి నాలుగు రోజులు నా పక్కన పడుకుంది, పోయేటప్పుడు దీనికింక వేరే ఇల్లు వెతకద్దు అని నాన్నకి ఫోనులో చెప్పింది. మా అమ్మ టిక్కులు నా పేరు మీద వేయబోతే టీచరక్క ఒప్పుకోలేదు, జబ్బు మనిషిని చూసుకునేదానికి వచ్చినవాళ్లకి టిక్కు లేదని ఆ ఆదివారమే రూలు రాసినారు, ఇప్పటికీ ఉంది.

రాకపోకల గురించి. గేటు రాత్రి పదికి, డ్యూటీలు ఉన్నవాళ్ల దగ్గర తాళంచెవి ఉంటాది, లేటు అయితే గ్రూపులో ఒక మాట పెట్టాల, ఎందుకు అని ఎవరూ అడగరు, ఎక్కడున్నావు అని మాత్రం అడుగుతారు. మగవాళ్లు, అన్నదమ్ములైనా, హాలు వరకే. స్కూటీలకి ముందు జాగా రెండింటికే, మూడోది వీధిలో పెట్టాల్సిందే. రాజ్‌విహార్ సెంటర్‌కి, కొత్త బస్టాండ్‌కి షేర్ ఆటోలు దొరుకుతాయి. కూరగాయలకి రైతు బజారు పక్కనే ఉండడం పెద్ద ప్లస్.

ఎవరికి బాగుంటాదంటే పని పంచుకునేదానికి వెనకాడని వాళ్లకి, కోపం వస్తే నోరు తెరిచి చెప్పగలిగేవాళ్లకి, పక్కవాళ్లు చెప్తే వినగలిగేవాళ్లకి. ఆఫీసు నుంచి వచ్చినాక తలుపేసుకుని ఎవరూ పలకరించకుండా ఉండాలనుకునేవాళ్లు, వంటగదిలోకి అడుగు పెట్టనివాళ్లు, చిన్నపిల్లలతో ఉన్నవాళ్లు వేరే చూసుకోండి, పిల్లలకి ఇక్కడ జాగా లేదు. డబ్బు ఎక్కువ కడతా పని చేయను అని ఒకామె అడిగింది, పెద్దమ్మ కాదంది, నాకు అది సరిగ్గానే అనిపించింది, ఒకరు డబ్బు కట్టి పని తప్పించుకుంటే మిగతావాళ్లు వాళ్లకి పనివాళ్లు అయిపోతారు.

చూడాలనుకుంటే ఆదివారం రాత్రి ఏడున్నరకి రండి, పొద్దున వస్తే ఎవరూ ఉండరు. రైతు బజారు దగ్గర పెద్దమ్మ ఇల్లు అని అడిగితే పూలమ్మే ఆమె కూడా చూపిస్తాది. ఆ పూట మాతో తిని, తర్వాత కూర్చునేటప్పుడు కూడా ఉండండి, మేం కొట్లాడుకునేది కూడా చూసి నిర్ణయం తీసుకోండి. చేరేటట్టయితే సొంత బకెట్టు, మగ్గు, కంచం, గ్లాసు, దోమతెర తెచ్చుకోవాల, మంచం, బీరువాలో ఒక అర ఇస్తారు. ప్రస్తుతం ఒక మంచం ఖాళీ అయితాది, బనగానపల్లె అక్కకి ట్రాన్స్‌ఫర్ వచ్చింది, వచ్చే నెల మొదటి వారంలో పోతాది, నైట్ డ్యూటీ లేనివాళ్లయితే మంచిది, ఎందుకంటే ఆ గది వంటగదికి ఆనుకునే ఉంది, పొద్దున అయిదున్నర నుంచి గిన్నెల చప్పుడే.